మీరు ఏ బస్సు తరఫు?

మా పనిమనిషి ఆలస్యంగా వచ్చినప్పుడల్లా "బస్సు రాలేదమ్మా" అంటుంది. మీ పనిమనిషీ అదే అంటుంది, నాకు తెలుసు. మనం నమ్మం. "రోజూ నీకా బస్సే దొరికిందా!" అంటూ గిన్నెలు కాస్త గట్టిగా చప్పుడయ్యేలా సింకులో పడేస్తాం. ఆ చప్పుడుకి అర్థం ఆవిడకీ తెలుసు, మనకీ తెలుసు.

నేను మాత్రం నమ్ముతాను. నా మంచితనం వల్ల కాదు సుమండీ! బస్సు ఎన్నింటికి రావాలో ఎవరు నిర్ణయిస్తారో, ఆ నిర్ణయం కోసం ఎవరెవరు ఎన్ని మెట్లెక్కుతారో ఒకసారి కళ్ళారా చూశాను. చూశాక, బస్సు టైముకి రావడమే వింతగానీ రాకపోవడం వింత కాదనిపించింది.

బస్సు టైముకీ కోర్టుకీ సంబంధమేమిటని అడుగుతారేమో. నేనూ అలాగే అనుకునేదాన్ని. అమావాస్య, పౌర్ణమిలాగా బస్సు టైము కూడా ఎవరో పైనున్నవాళ్ళు ముందే రాసి పెట్టేసిన విషయమనుకునేదాన్ని. బి.ఏ.లో నాకు చరిత్ర చెప్పారు, అర్థశాస్త్రం చెప్పారు, రాజనీతి చెప్పారు. మనిషి పొద్దున్నే లేచి పనికి పోవాలంటే ఏ బస్సెక్కాలో, అది ఎందుకు రాదో మాత్రం ఎవరూ చెప్పలేదు. అది నేను రోడ్డు మీద నిలబడి నేర్చుకున్నాను.

2010లో మావారికి బదిలీ అయి కోయంబత్తూరు వైపు ఒక చిన్న ఊళ్ళో మూడేళ్ళున్నాం. ఆ చుట్టుపక్కలంతా బనియన్ కంపెనీలు. మా వీధిలో సగంమంది ఆడవాళ్ళు పొద్దున్నే కారియరు చేతపట్టుకుని పన్నెండు కిలోమీటర్ల దూరంలోని పట్నానికి పోయేవారు. నేను కూడా అక్కడే ఒక చిన్న బడిలో పాఠాలు చెప్పడానికి వెళ్ళేదాన్ని. ఆ ప్రాంతంలో తరతరాలుగా స్థిరపడిపోయిన తెలుగువాళ్ళు చాలామందే ఉన్నారు గదా. మా ఇంటి యజమానురాలు పెద్దావిడ అలాంటి తెలుగామె. నన్ను 'అమ్మణీ' అని పిలిచేది. ఆవిడ తెలుగు నాకు సగం, ఎదురింటివాళ్ళ తమిళం నాకు పావు అర్థమయ్యేది. ఆ ముప్పావుతోనే మూడేళ్ళూ నెట్టుకొచ్చాను.

ఆ దారిలో పొద్దున పూట రెండు ప్రైవేటు బస్సులు. పేర్లు చెప్పను, రంగులు చెబుతాను. ఎర్ర బస్సు మా ఊరికి 7.50కి వచ్చేది. పచ్చ బస్సు 8.05కి. ఆ తరవాత మళ్ళీ 8.50 దాకా బస్సన్నది లేదు.

మా ఎదురింటి అమ్మాయికి ఇరవై నాలుగేళ్ళుంటాయి. ఒక బనియన్ కంపెనీలో చెకింగు పని. 8.30కి గేటు. పది నిమిషాలు దాటితే సగం రోజు కూలి కోత. మూడేళ్ళ పాప. మొగుడు నూలు మిల్లులో రాత్రి షిఫ్టు చేసి 7.50కి ఇల్లు చేరేవాడు. అతను రాగానే పాపని అతని చేతికిచ్చి, కారియరు పుచ్చుకుని, చెప్పులు వేసుకుంటూనే పరిగెత్తి 8.05 పచ్చ బస్సెక్కేది. ఆ పదిహేను నిమిషాల మీద ఆ సంసారమంతా నిలబడి ఉండేది. తల్లి వెళ్ళడానికీ తండ్రి రావడానికీ మధ్య పాపని చూసే మనిషి ఆ ఇంట్లో వేరే లేదు.

2011లో ఒక సోమవారం పచ్చ బస్సు 8.05కి రాలేదు. ఏమిటయ్యా అని కిళ్ళీకొట్టతన్ని అడిగితే, "టైము మార్చారు గదా, ఇప్పుడు 7.45కే వెళ్ళిపోయింది" అన్నాడు. ఎర్ర బస్సుకి సరిగ్గా ఐదు నిమిషాలు ముందు!

ఈ ఐదు నిమిషాల లెక్క మావారు చెప్పేదాకా నాకు తెలియలేదు. ఒకే దారిలో రెండు బస్సులు ఐదు నిమిషాల తేడాలో పోతుంటే, ముందు పోయే బస్సుకి జనం, వెనక పోయే బస్సుకి దుమ్ము. అంతే వ్యాపారం. ప్రతి స్టేజీలోనూ నిలబడి ఉన్నవాళ్ళని ముందు బస్సు ఊడ్చుకుపోతుంది. రెండో బస్సు ఖాళీ సీట్లకి డీజిలు తాగిస్తుంది. అందుకని ప్రతివాడికీ ఎదుటివాడికంటే ఐదు నిమిషాలు ముందుండాలనే. పచ్చ బస్సు యజమాని అర్జీ పెట్టుకుని, కారణాలు చూపించి, టైము మార్పించుకున్నాడు. ఇందులో చట్టవిరుద్ధమేమీ లేదు.

"తప్పేముంది? ఆ బస్సు మీద మా బ్రాంచిలో అప్పుంది. నెలనెలా వాయిదా కట్టగలడో లేడో ఆ ఐదు నిమిషాల మీదే ఉంది" అన్నారు మావారు. బ్యాంకువాళ్ళకి మనుషులు వాయిదాల్లా కనిపిస్తారు గాబోలు అనుకున్నాను. కానీ ఆయన చెప్పిందీ నిజమే. ఆ యజమానీ రాక్షసుడు కాదు. అతనికీ సంసారముంది.

మరి ఎర్ర బస్సాయన ఊరుకుంటాడా? తన టైము 7.40కి మార్చమని అర్జీ పెట్టుకున్నాడు. పచ్చ బస్సు ఆక్షేపణ. దాని మీద విచారణ. విచారణలో ఓడినవాడి అప్పీలు. అప్పీలులో స్టే. ఆ స్టే ఎత్తెయ్యమని ఇంకొకరు పై కోర్టుకి. మనవాళ్ళ సామెత ఉండనే ఉంది గదా, ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని. ఇక్కడ మాత్రం మూడో మనిషి ఏడ్చింది. అటు ఎర్ర బస్సు, ఇటు పచ్చ బస్సు, ఎవరు గెలిచినా 7.50 లోపే రెండు బస్సులూ ఒకదాన్నొకటి తరుముకుంటూ వెళ్ళిపోయేవి. ఇద్దరు యజమానులూ పోట్లాడుకున్నది 7.40 కోసం, 7.45 కోసం. 8.05 ఎవరికీ అక్కర్లేదు. దాని తరఫున వకాల్తా పుచ్చుకున్నవాడు లేడు. ఆబోతుల పోట్లాటలో లేగల కాళ్ళు విరగడమంటే ఇదే.

ఆ అమ్మాయి మొదటి నెల ఎనిమిది సగం రోజుల కూలి పోగొట్టుకుంది. ఆటోలో వెళ్దామంటే రానూపోనూ ఖర్చు కూలిలో సగానికొచ్చేది. రెండో నెలలో ఆ విచారణ ఏదో జరుగుతుందని తెలిసి, నేనూ ఆ అమ్మాయీ మా పెద్దావిడా ముగ్గురం బయల్దేరాం. నాకు భాష రాదు. ఆ అమ్మాయికి నోరు రాదు. పెద్దావిడకి రెండూ వచ్చును.

వరండానిండా తెల్లచొక్కాలు, నల్లకోట్లు. గుమ్మం దగ్గర గుమాస్తా మమ్మల్ని ఎగాదిగా చూసి అడిగాడు: "మీరు ఏ బస్సు తరఫు?"

పెద్దావిడ తమిళంలో చెప్పింది, "మేం ఏ బస్సు తరఫూ కాదు నాయనా. బస్సెక్కేవాళ్ళం" అని.

అతను పాపం మర్యాదస్తుడే. కాగితం తీసి చూశాడు. ఆ కాగితంలో అర్జీదారు ఉన్నాడు, ఆక్షేపణదారు ఉన్నాడు, వాళ్ళ వాళ్ళ వకీళ్ళున్నారు. "ఎక్కేవాళ్ళకి ఇక్కడ పనేం లేదమ్మా. ఇది బస్సులవాళ్ళ తగవు" అన్నాడు.

ఎక్కేవాళ్ళకి పనేం లేదమ్మా! ఆ మాట ఇన్నేళ్ళయినా నా చెవిలోంచి పోలేదు. బస్సు ఉన్నది ఎవరికోసం మరి? పెళ్ళిపందిరి వేసి, మేళాలు పెట్టి, పెళ్ళికూతుర్ని మాత్రం వీధిగుమ్మం దగ్గరే ఆపి "నీకిక్కడ పనేముందమ్మా, ఇది వియ్యంకుల తగవు" అన్నట్లుంది.

మేం తిరిగొచ్చేశాం. మూడో నెలలో ఆ అమ్మాయి ఉద్యోగం మానేసింది. కంపెనీనుంచి మూటలు తెచ్చుకుని ఇంట్లో కూచుని బనియన్ల దారాలు కత్తిరించే పని పెట్టుకుంది. ముక్కకింత అని. నాకు తెలిసి అది ఆమె కూలిలో మూడో వంతుకి కూడా రాదు. మేం ఆ ఊరు వదిలి వచ్చేసేనాటికి ఆ బస్సుల వ్యాజ్యం ఇంకా నడుస్తూనే ఉంది.

ఇక్కడికొచ్చాక మా చిన్నాన్నగారబ్బాయిని పట్టుకున్నాను. వాడు హైకోర్టులో ప్రాక్టీసు చేస్తున్నాడు. "ఇదేం న్యాయంరా?" అని అడిగితే, రెండు కాఫీలు తాగి, మూడో కాఫీకి చట్టం విప్పాడు.

1939 నాటి మోటారు వాహనాల చట్టంలో 47వ సెక్షన్ అని ఒకటుండేదట. బస్సుకి పర్మిట్టు ఇచ్చేముందు అధికారులు ఏమేం చూడాలో అందులో రాశారు. మొట్టమొదటి మాటే ప్రజల ప్రయోజనం. బాగుంది. తీరా ఎవరెవరి విన్నపాలు వినాలి అన్న దగ్గరికొచ్చేసరికి జాబితా ఇదీ: ఆ దారిలో ఇదివరకే బస్సులు నడుపుతున్నవాళ్ళు, ప్రభుత్వం గుర్తించిన సంఘాలు, స్థానిక సంస్థలు, పోలీసులు. చివరికి పోలీసులకి కూడా చోటుంది. చంకలో పిల్లతో స్టేజీలో నిలబడ్డ మనిషికి మాత్రం విడిగా చోటు లేదు.

అందుకని ఏళ్ళ తరబడి పాత యజమానులు కొత్తవాళ్ళని రానివ్వకుండా ఆక్షేపణల మీద ఆక్షేపణలు పెడుతూ వచ్చారు. ఆఖరికి 1988లో కొత్త చట్టం చేశారు. 1989 జూలై 1 నుంచి అది అమల్లోకొచ్చింది. పర్మిట్టు అడిగినవాడికి మామూలుగా కాదనకూడదన్నారు. పాత యజమానులు సుప్రీంకోర్టుకి పరిగెత్తారు. 1991లో మిథిలేశ్ గార్గ్ కేసులో ఆ కోర్టు, బస్సులు పెరిగితే జనానికి మేలేననీ, నా రాబడి తగ్గుతుందని చెప్పి పక్కవాడి పర్మిట్టుకి అడ్డుపడే హక్కు పాతవాళ్ళకి లేదనీ చెప్పింది.

"మరింకేం, గొడవ తీరింది గదా?" అన్నాను.

"ఎక్కడ తీరిందక్కా! పర్మిట్టు దగ్గర తలుపు మూసేస్తే, తగవు టైము దగ్గర కిటికీలోంచి దూరింది. నీకు పర్మిట్టిస్తే ఇచ్చుకోమను, నాకంటే ముందు మాత్రం పోవడానికి వీల్లేదు అంటాడు. కేరళలో, తమిళనాడులో ప్రైవేటు బస్సులు తిరిగే చోట్ల దీనికోసం టైమింగ్ కాన్ఫరెన్సులని పెడతారు. అక్కడ తేలకపోతే హైకోర్టే."

కొత్త చట్టంలో 72వ సెక్షన్ చదివి వినిపించాడు. అందులో మంచి మాటలే ఉన్నాయండోయ్! అధికారులు ఆమోదించిన టైముల పట్టిక బస్సులోనూ స్టేజీల్లోనూ అందరికీ కనపడేలా పెట్టాలని షరతు విధించవచ్చు. ఆ టైముకి ఎంత వెనకాముందయితే క్షమించవచ్చో హద్దు పెట్టవచ్చు. పర్మిట్టు షరతులు మార్చాలంటే కనీసం ఒక నెల ముందు నోటీసు ఇవ్వాలి.

ఆ నోటీసు ఎవరికి? పర్మిట్టు ఉన్నవాడికి. మా ఎదురింటి అమ్మాయికి నోటీసు ఇచ్చినవాడు ఆ కిళ్ళీకొట్టతను ఒక్కడే. అదీ బస్సు పోయాక!

ఇదంతా ప్రైవేటు బస్సుల రాజ్యంలో మాట, మనకేం, మనకి ఆర్టీసీ ఉంది గదా అంటారేమో. నిజమే, మనవైపు కథ వేరు. నిజాం కాలంలో 1932లోనే 27 బస్సులతో సర్కారు బస్సు మొదలైంది. 1958 జనవరి 11న ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థ ఏర్పడింది. కృష్ణా జిల్లాలో ప్రైవేటు బస్సుల్ని తీసేసి ప్రభుత్వ బస్సులు వెయ్యాలని స్కీము తయారుచేస్తే, అక్కడి యజమానులు ఊరుకోలేదు. లా చదివే పిల్లలందరికీ ఈనాటికీ పాఠంగా చెప్పే గుళ్ళపల్లి నాగేశ్వరరావు కేసు అదే.

ఆ కేసులో ఏం జరిగిందంటే, యజమానుల ఆక్షేపణలు రవాణా శాఖ కార్యదర్శి విన్నారు. నిర్ణయం మాత్రం ఆ శాఖ చూస్తున్న ముఖ్యమంత్రి చేశారు. 1958లో సుప్రీంకోర్టు అది చెల్లదని కొట్టేసింది. తీర్పు రాసింది మన కోకా సుబ్బారావుగారే. వినేది ఒకరూ, నిర్ణయించేది మరొకరూ అయితే ఇక వినడమన్నది ఒట్టి తంతు అన్నది అందులోని సారాంశం. ఆ తరవాత ముఖ్యమంత్రి స్వయంగా కూచుని విన్నారు. మళ్ళీ కోర్టుకెక్కితే, 1959లో ఆయన పక్షపాతంతో చేశారన్న వాదం నిలబడలేదు.

ఇది విన్నప్పుడు నాకు ఒళ్ళు పులకరించిందంటే నమ్మండి. ఎంత గొప్ప మాట! నిర్ణయించేవాడే వినాలి. ఒక జిల్లాలో బస్సుల తగాదా నుంచి దేశానికంతా పనికొచ్చే న్యాయం పుట్టింది. నేను గర్వపడ్డాను. పడి, ఒక్క ప్రశ్న అడిగాను: "ఎవరి మాట వినాలన్నారు?"

"యజమానులదక్కా. వాళ్ళ బస్సులే గదా పోతున్నవి."

అదీ సంగతి. నిర్ణయించేవాడే వినాలని చెప్పింది న్యాయం. విని తీరవలసినవాళ్ళలో మనల్ని కలపడం మాత్రం మరిచిపోయింది. 1988 చట్టంలో ఇలాంటి స్కీము వేసినప్పుడు ఎవరైనా సరే ముప్పై రోజుల్లో ఆక్షేపణ చెప్పుకోవచ్చని రాశారు. కాదనను. గెజిట్టులోనూ, ఆ ప్రాంతపు ఒక దినపత్రికలోనూ ప్రకటన వేస్తారు. కానీ అది ఏ దారిలో ఎవరి బస్సు తిరగాలన్న స్కీము సంగతి. మన ఊరి ఏడున్నర బస్సుని ఏడింటికి జరిపినప్పుడు గెజిట్టూ లేదు, ప్రకటనా లేదు. ఉన్నా, పొయ్యిమీద పాలు పెట్టి గెజిట్టు చదివే ఇల్లాలు నాకింతవరకు తారసపడలేదు.

ఒకే సంస్థ నడిపేచోట టైముల గురించి కోర్టు తగవులుండవు. ఎందుకంటే పోట్లాడుకోవడానికి రెండో బస్సు లేదు. తగవు లేదని మురిసిపోతాం. తగవు లేకపోవడమూ న్యాయం జరగడమూ ఒకటేనా? మన ఇళ్ళల్లోనూ చాలా తగవులు లేవు. ఎందుకు లేవో మనకి తెలీదూ!

2021లో జరిగింది మీకు గుర్తుండే ఉంటుంది. రంగారెడ్డి జిల్లాలో ఒక పల్లెటూరి బడిపిల్ల, కరోనా రోజుల్లో ఆగిపోయిన తమ ఊరి బస్సు మళ్ళీ వెయ్యమని అప్పటి భారత ప్రధాన న్యాయమూర్తి ఎన్.వి. రమణగారికి ఉత్తరం రాసింది. ఆయన సంస్థ పెద్దలకి కబురు పంపారు. బస్సు వచ్చింది. అందరం చప్పట్లు కొట్టాం. నేనూ కొట్టాను. కానీ ఆలోచించండి. తన ఊరి బస్సు కోసం ఒక చిన్నపిల్ల దేశంలోకెల్లా పెద్ద జడ్జీగారికి రాయవలసి వచ్చిందంటే, మధ్యలో ఉండవలసిన మెట్లన్నీ ఏమైపోయినట్లు? ఆ పిల్ల ధైర్యానికి దండం పెడదాం. అంత ధైర్యం అవసరమైనందుకు సిగ్గుపడదాం.

అదే సంవత్సరం సుప్రీంకోర్టు ఇంకో తీర్పిచ్చింది. రైలు నాలుగు గంటలు ఆలస్యమై శ్రీనగర్ విమానం తప్పిపోయిన కుటుంబానికి రైల్వేవాళ్ళు నష్టపరిహారం ఇవ్వాల్సిందేనంది. ఆలస్యానికి తగిన కారణం చూపించాల్సిన బాధ్యత రైల్వేదేనంది. చాలా సంతోషం. విమానం తప్పిపోయినవాళ్ళ టైముకి విలువ కట్టారు. బనియన్ కంపెనీ గేటు తప్పిపోయినదాని టైముకో?

మా లాయరు తమ్ముడు ఊరుకోలేదు. "అక్కా, నువ్వు చెప్పేది వినడానికి బాగుంటుంది. బస్సెక్కే ప్రతివాళ్ళనీ కక్షిదారుల్ని చేస్తే విచారణ ఎప్పటికి తెమిలేను? ఒకరికి ఏడింటికి కావాలి, ఒకరికి ఎనిమిదింటికి కావాలి. ప్రజల తరఫున చూడడానికే గదా అధికారి ఉన్నది! పైగా యజమానులు అలా పోట్లాడుకోబట్టే ఒకడి టైము ఒకడు మింగకుండా కాపలా ఉంది. లేకపోతే రోడ్డు మీద పందేలేసుకుని జనాన్ని చంపుతారు" అన్నాడు.

వాడు చెప్పినదాంట్లో సగం ఒప్పుకుంటాను. అందరికీ నచ్చే టైమంటూ ఉండదు. మా ఇంట్లో నలుగురికి నాలుగు టైముల్లో కాఫీ కావాలి. కానీ నేను నలుగుర్నీ అడిగే పొయ్యి వెలిగిస్తాను. నలుగురి కోరికా తీర్చలేకపోవచ్చు. అడగడమైతే అడుగుతాను గదా! అడక్కుండా "కుటుంబ ప్రయోజనం దృష్ట్యా నేటినుంచి కాఫీ నాలుగున్నరకే" అని కాగితం అంటిస్తే వీళ్ళు ఊరుకుంటారా? అధికారి ప్రజల తరఫున చూస్తాడనే మాట నిజమే అయినా, ఆయన స్టేజీలో నిలబడి ఎప్పుడైనా చూశాడా అన్నదే నా సందేహం. ఆఫీసు జీపులో పోయేవాడికి 8.05కీ 7.45కీ తేడా ఇరవై నిమిషాలు. ఆ అమ్మాయికి ఆ తేడా ఉద్యోగమంత.

ఇప్పుడీ గోల ఎందుకంటే, కాలం మారింది. 2023 జూన్‌లో కర్ణాటకలో, అదే డిసెంబరు 9 నుంచి తెలంగాణలో, 2025 ఆగస్టు 15 నుంచి ఆంధ్రప్రదేశ్‌లో ఆడవాళ్ళకి బస్సు ప్రయాణం ఉచితం చేశారు. దాన్ని ఎగతాళి చేసేవాళ్ళలో నేను లేను. నెలకి వెయ్యి రూపాయలు బస్సుకే పోసే మనిషికి అది ఎంత పెద్ద సంగతో నాకు తెలుసు. కానీ టిక్కెట్టు ఉచితమైంది గానీ, నిలబడడం ఉచితం కాలేదు. స్టేజీలో గంట నిలబడితే ఆ గంట మన సంసారంలోంచి, కూలిలోంచి, పిల్లల చదువులోంచి కోసుకుని కడుతున్నాం. మీకు డబ్బు లేకుండా ఎక్కనిచ్చాం, ఇహ ఎప్పుడొచ్చినా మాట్లాడకండి అనే మాట ఎవరైనా అంటే, వాళ్ళకి గట్టిగా చెప్పండి: అది దయ కాదు, మన పన్నుల సొమ్ము. బస్సులో సగానికిపైగా మనమే నిలబడి ఉన్నప్పుడు, ఆ బస్సు ఎన్నింటికి బయల్దేరాలో మనల్ని అడగరేం?

నేను అడిగేది ఆకాశంలో చుక్కలు కాదు. యజమానికి నెల ముందు నోటీసు ఇస్తున్నారు గదా, అదే నోటీసు స్టేజీలో కూడా అంటించండి. తెలుగులో, పెద్ద అక్షరాల్లో, ఏ బస్సు ఎన్నింటినుంచి ఎన్నింటికి మారుతోందో చెప్పండి. విచారణ అన్నది పెడితే, ఒక పూట ఆ ఊరి పంచాయతీ ఆఫీసులోనే పెట్టండి. అదీ పగలు పదకొండింటికి కాదు, కూలివాళ్ళు తిరిగొచ్చే సాయంత్రం పూట. ప్రైవేటు బస్సయినా సర్కారు బస్సయినా ఇదే పద్ధతి. కోర్టువారికి కూడా ఒక మనవి: టైము మీద స్టే ఇచ్చేముందు, ఈ స్టే నడిచినన్నాళ్ళూ ఆ టైముకి ఎక్కేవాళ్ళు దేంట్లో పోతారని ఒక్క మాట అడగండి. వకీళ్ళిద్దరిదగ్గరా జవాబుండదు. ఉండదు గనుకే అడగండి.

నిన్న మా పనిమనిషి తొమ్మిదింటికొచ్చింది. గిన్నెలు పడెయ్యలేదు. పక్కన కూచోబెట్టుకుని, "నువ్వెక్కేది ఏ బస్సు? ఎన్నింటికి రావాలి? ఎన్నింటికి వస్తోంది?" అని అడిగి కాగితం మీద రాసుకున్నాను. మొదట అనుమానంగా చూసింది, జీతంలో కోతకేమోనని. తరవాత గబగబా చెప్పింది. వారం రోజుల టైములూ నోటికి వచ్చు ఆవిడకి. ఏ అధికారి దగ్గరా ఉండదు అంత ఖచ్చితమైన రికార్డు.

"ఎందుకమ్మా, బస్సు టైము మార్పిస్తారా?" అంది.

మార్పించగలనో లేదో తెలీదు. ఆవిడ స్టేజీలో ఎక్కే పదకొండుమంది ఆడవాళ్ళ సంతకాలు పెట్టించి తెమ్మన్నాను. సంతకం రానివాళ్ళు వేలిముద్ర వేస్తారు. సోమవారం నాడు ఇద్దరం కలిసి వెళ్ళి ఇచ్చి వస్తాం. ఆ గుమ్మం దగ్గర కూడా ఎవరైనా "మీరు ఏ బస్సు తరఫు?" అని అడక్కపోరు. ఆనాడు తిరిగొచ్చినట్లు ఈసారి తిరిగి రాను.

మీ వీధి చివర స్టేజీలోనూ ఎవరో ఒకరు నిలబడే ఉంటారు. ఒక్కసారి వెళ్ళి, బస్సు ఎన్నింటికని అడిగి చూడండి.